తత్యానా సమోయ్‌లోవా సినిమాలు ఇంట్లో నాలుగు ఆదివారాలు ఎలా వేయాలి

మా నాన్న విజయవాడ గాంధీనగర్‌లో ఒక సినిమా పంపిణీ ఆఫీసులో రిప్రజెంటేటివ్‌గా పనిచేసేవారు. రీళ్ల పెట్టెలతో బస్సెక్కి ఊరూరా తిరిగి, ఏ ఆటకు ఎంతమంది వచ్చారో లెక్క రాసుకొని రావడం ఆయన ఉద్యోగం. ఇంటికి వచ్చాక మాకు కథ చెప్పేవారు కాదు. ఏ సన్నివేశంలో హాల్లో దగ్గులు ఆగిపోయాయో చెప్పేవారు. సత్యనారాయణపురంలో మా మేడమీద గదిలో పద్నాలుగు కుర్చీలు, ఒక బొంత, ఒక చిన్న ప్రొజెక్టరు పెట్టుకొని ఏటా చలికాలంలో నేను సినిమాలు వేస్తున్నానంటే ఆ అలవాటే కారణం.

ఎందరివో వేశాను. మళ్లీ మళ్లీ వేసేది మాత్రం రష్యన్ నటి తత్యానా సమోయ్‌లోవా సినిమాలే. ఆమె చేసినవి తక్కువ. అందులో మూడింటిని వరుసగా చూస్తే ఒక నటి జీవితం మొదటినుంచి చివరిదాకా కళ్లముందు నిలుస్తుంది. మీ ఇంట్లోనూ ఎవరైనా వేయాలనుకుంటే నేను నేర్చుకున్నది ఇక్కడ రాస్తున్నాను.

ముందు సినిమాల వరుస. మొదటిసారి నేను తప్పు చేశాను. టాల్‌స్టాయ్ పేరు మా వీధిలో అందరికీ తెలుసు. ఏలూరు రోడ్డు పుస్తకాల దుకాణాల్లో చవగ్గా దొరికిన సోవియట్ పుస్తకాలతో, స్కూలు పుస్తకాలకు అట్టలు వేసుకున్న ‘సోవియట్ భూమి’ నున్నటి కాగితాలతో పెరిగిన తరం మాది. అందుకని ఆయన నవలను తీసిన ‘అన్నా కరేనినా’తో మొదలుపెట్టాను. దాదాపు రెండున్నర గంటల సినిమా, రెండు భాగాలు. మొదటి భాగం అయ్యేసరికి సగం మంది పెరుగు తోడుపెట్టాలని, పిల్లలకు పరీక్షలని లేచి వెళ్లిపోయారు. తెరమీద ఉన్నది ఎవరో వాళ్లకు తెలియదు. ముఖం కొత్తది, కథ పెద్దది. ‘ది క్రేన్స్ ఆర్ ఫ్లయింగ్’తో మొదలుపెట్టిన ఏడు ఒక్కరూ కదలలేదు.

కాబట్టి మొదటి ఆదివారం 1957లో వచ్చిన ‘ది క్రేన్స్ ఆర్ ఫ్లయింగ్’ వేయండి. దర్శకుడు మిఖయీల్ కలతోజొవ్, ఛాయాగ్రాహకుడు సెర్గేయ్ ఉరుసేవ్‌స్కీ, విక్టర్ రోజొవ్ నాటకం ఆధారం. 1958లో ఫ్రాన్స్‌లోని కాన్ చిత్రోత్సవంలో అక్కడి పెద్ద బహుమతి పామ్ డోర్ అందుకుంది. సోవియట్ చిత్రాల్లో ఆ బహుమతి దక్కింది దీనికొక్కదానికే. రెండో ఆదివారం 1960లో విడుదలైన ‘లెటర్ నెవర్ సెంట్’. అదీ అదే దర్శకుడు, అదే కెమెరా. మూడో ఆదివారం సినిమా లేదు, ఆ సంగతి తర్వాత చెబుతాను. నాలుగో ఆదివారం 1967 నాటి ‘అన్నా కరేనినా’. ఈ మూడూ మాస్‌ఫిల్మ్ స్టూడియోవి. ఆ స్టూడియో తన పాత చిత్రాలను చాలావరకు సొంత యూట్యూబ్ చానెల్లో ఇంగ్లీషు సబ్‌టైటిల్స్‌తో ఉంచింది. ముందు అక్కడ వెతకండి.

1955లో వచ్చిన ఆమె తొలి చిత్రం ‘ది మెక్సికన్’తో మొదలుపెట్టాలని కొందరికి ఉంటుంది. వద్దు. అందులో కథానాయకుడు ఒలేగ్ స్ట్రిజేనొవ్. నర్గిస్‌తో కలిసి ‘పర్‌దేశీ’లో నటించింది ఆయనే. ఆ మాట ఒకసారి చెబితే పెద్దవాళ్లకు ముచ్చటగా ఉంటుంది. అంతకుమించి ఆ సినిమాతో మనకు పనిలేదు.

ఇక గది. తెర కొనక్కర్లేదు. తెల్ల దుప్పటికి గంజి పెట్టి ఇస్త్రీ చేయించి, కింది అంచు మడిచి కుట్టి అందులో ఒక ప్లాస్టిక్ గొట్టం దూర్చండి, బరువుకు నిటారుగా నిలుస్తుంది. దుప్పటికి ఎదురుగా ఉన్న ఫ్యాను ఆపేయాలి. తెర కదిలితే ముఖం కదులుతుంది, సమోయ్‌లోవా సినిమాల్లో ముఖం కదలకూడని చోట్లు చాలా ఉన్నాయి. ఫ్యాను ఆపాలంటే చలికాలమే మేలు. డిసెంబరు, జనవరి సాయంత్రాలు ఆరున్నరకు మొదలుపెట్టండి. అంతకుముందైతే కిటికీ సందుల్లోంచి వెలుతురు పడి నలుపు బూడిదరంగుగా మారిపోతుంది. ఉరుసేవ్‌స్కీ తీసిన నలుపు అలా చెడితే సినిమా సగం పోయినట్టే. ప్రొజెక్టరులో వెలుగు పూర్తిగా పెంచకండి. ఆట మధ్యలో తినడానికి ఏమీ పెట్టకండి. మా ఇంట్లో పునుగులూ టీ ఆట అయ్యాకే.

అన్నిటికంటే ఎక్కువ పని భాషతో. మా గదికి వచ్చేవాళ్లలో సగం మంది ఇంగ్లీషు అక్షరాలు అంత వేగంగా చదవలేరు. అందుకని నేనే తెలుగులో మాటలు చదువుతాను. రెండు వందల పేజీల పొడవు నోట్‌బుక్ కొని ఎడమ పేజీలో నిమిషం, కుడి పేజీలో మాట రాసుకుంటాను. ఒక్కో సినిమాకు రెండు వారాలు పడుతుంది. రాసినదంతా చదవకండి. మూడోవంతు చాలు. ఎవరు ఎవరికి ఏమవుతారు, ఎవరు ఎక్కడికి వెళ్తున్నారు, ఎవరు బతికి ఉన్నారు, ఈ మూడూ తెలిస్తే మిగతాది ఆమె ముఖమే చెబుతుంది. మన గొంతు ఎక్కువైతే అందరూ మనల్ని వింటారు, ఆమెను చూడరు.

ఇక్కడ మనకొక వరం ఉంది. రష్యన్‌లో కూడా మనకు మల్లే నువ్వు, మీరు వేరువేరు. చెవికి ఒకటి ‘తి’లా, ఇంకొకటి ‘వి’లా వినిపిస్తుంది. ఇంగ్లీషు సబ్‌టైటిల్‌లో రెండూ ఒకటే. మీరు రష్యన్ నేర్చుకోనక్కర్లేదు, ఆ రెండు చప్పుళ్లు పట్టుకోండి చాలు. ఎవరు ఎవరికి దగ్గరో ఇంగ్లీషు చదివేవాడి కంటే మీకు బాగా తెలుస్తుంది. అయితే ఒకచోట జాగ్రత్త. మన ఇళ్లలో భార్య భర్తను మీరు అంటే మామూలు. వాళ్లకు భార్యాభర్తల మధ్య ‘వి’ వచ్చిందంటే మంచు పడినట్టే. టాల్‌స్టాయ్ నవలలో కరేనిన్ భార్యకు ఉత్తరం ఫ్రెంచిలో రాస్తాడు. ఫ్రెంచిలో ‘మీరు’కు రష్యన్ ‘మీరు’కు ఉన్నంత చల్లదనం లేదని టాల్‌స్టాయే అక్కడ చెబుతాడు. నేను రెండేళ్లు తంటాలుపడి ఒక పద్ధతికి వచ్చాను. అన్నా నోట ఎప్పుడూ మీరే రాశాను. కరేనిన్ నోట మాత్రం నువ్వు రాసి, దూరం పెరిగిన చోట మీరుకు మార్చాను. మొదటిసారి అలా చదివినప్పుడు మా పక్కింటి పిన్నిగారు నావైపు తిరిగి చూశారు. భర్త భార్యను ‘మీరు’ అన్నాడంటే ఆ ఇంట్లో ఏదో తెగిందని ఆవిడకు వేరే చెప్పనక్కర్లేకపోయింది.

పేర్ల దగ్గర కూడా ఆలోచించాలి. ‘క్రేన్స్’లో సమోయ్‌లోవా పాత్ర పేరు వెరోనికా, ఆమె ప్రేమించిన అబ్బాయి బోరిస్. బోరిస్ తండ్రి డాక్టరు, ఆయన్ని ఫ్యోదర్ ఇవానొవిచ్ అంటారు. ఇవానొవిచ్ అంటే ఇవాన్ కొడుకు. తండ్రి పేరు కలిపి పిలవడం వాళ్ల మర్యాద, మనం గారు అన్నట్టు. వెరోనికా ఆయన్ని పిలిచేచోట తెలుగులో మామయ్యగారూ అని రాయబోయి ఆగిపోయాను. కథ ఎటు పోతుందో ఆ ఒక్క మాటతో బయటపడేది. డాక్టరుగారూ అని రాశాను. బోరిస్ వెరోనికాను ‘బెల్కా’ అంటాడు, అంటే ఉడుత. దాన్ని అలాగే ఉంచండి. ఉడుత అనగానే మనవాళ్లకు రాముడి వేలి గీతలు గుర్తొస్తాయి, ముద్దు పేరని వెంటనే తెలుస్తుంది.

సినిమా పేరు సంగతి. క్రేన్ అంటే కొంగ కాదు, బెగ్గురు పక్షి అని మా గదికి వచ్చే ఒక పెద్దాయన సరిదిద్దారు. వాల్మీకి చూసిన క్రౌంచం కూడా ఈ జాతి పక్షే అంటారు కదమ్మా అన్నారు ఆయనే. జంటలో ఒకదాన్ని వేటగాడు కొట్టగా రెండోది ఏడ్చిన ఏడుపు. అప్పటినుంచి ఆట మొదలుపెట్టేముందు నేను ఆ ఒక్క వాక్యమే చెబుతాను. కథ చెప్పను, అవార్డులు చెప్పను. తెరమీద తెల్లవారుజామున మాస్కో నది గట్టు కనిపిస్తుంది. ఇద్దరు పరుగెత్తుతూ ఉంటారు, పైన పక్షులు బారులు తీరి పోతుంటాయి. నీళ్లు చల్లే బండి వచ్చి ఇద్దర్నీ తడిపేస్తుంది. మనవాళ్లు నవ్వుతారు. నవ్వనివ్వండి.

ఈ సినిమాలో చూసేవాళ్లకు ముందుగా అప్పగించాల్సిన పని ఒక్కటే: మెట్లు లెక్కపెట్టమనండి. బోరిస్ ఆమె వెంట ఎగబాకిన మెట్లు, బాంబు పడ్డాక వెరోనికా మంటల మధ్య అమ్మానాన్నల కోసం ఎక్కిన మెట్లు, బోరిస్ చనిపోతూ కలలో మళ్లీ ఎక్కే మెట్లు. రెండోసారి ఆమె తలుపు తెరుస్తుంది, తలుపు అవతల గది లేదు. గోడ గడియారం కొట్టుకుంటూ ఉంటుంది. అక్కడ నేను నోట్‌బుక్ మూసేస్తాను.

బోరిస్ యుద్ధానికి వెళ్లే వీడ్కోలు సన్నివేశం దగ్గర మాత్రం మీరు గదిని చూడండి, తెరను కాదు. వెరోనికా ఆలస్యంగా బయల్దేరుతుంది. బస్సు దిగి జనంలో తోసుకుంటూ వస్తుంది. కెమెరా ఆమె భుజం దగ్గరే ఉండి పైకి లేస్తుంది, కింద ట్యాంకుల మధ్యనుంచి ఆమె రోడ్డు దాటుతుంది. ఆమె చేతిలో బిస్కెట్ల పొట్లం. బోరిస్ ఆమె కోసం చుట్టూ చూస్తూనే వరుసలో నడిచిపోతాడు. ఆమె పేరుపెట్టి అరుస్తుంది, అతనికి వినపడదు. పొట్లం విసురుతుంది. బిస్కెట్లు నేలమీద చెదిరి, నడిచేవాళ్ల బూట్ల కింద నలిగిపోతాయి. మా గదిలో ప్రతి ఏడూ దగ్గులు ఆగేది అక్కడే. మా నాన్న ఉంటే ఆయన లెక్కల పుస్తకంలో రాసుకునేవారు.

ఆట అయ్యాక పది నిమిషాలు దీపాలు వేయకండి, మాట్లాడకండి. వెరోనికా తప్పు చేసిందా లేదా అన్న వాదన ఎలాగూ వస్తుంది. బోరిస్ కోసం ఎదురుచూడకుండా అతని బంధువు మార్క్‌ను ఎందుకు పెళ్లాడిందని మగవాళ్లు అడుగుతారు. అంతకుముందు విమానదాడి రాత్రి ఆ గదిలో ఏం జరిగిందో ఆడవాళ్లు గుర్తుచేస్తారు. ఆమెను కఠినంగా తీర్పు తీర్చే మాటలు సినిమాలోనే డాక్టరుగారి నోట ఉన్నాయి. గాయపడిన సైనికుడిని ఓదార్చడానికి ఆయన అంటారు, పక్కనే నిలబడి ఆమె వింటూ ఉంటుంది. ఆ ముఖాన్ని మళ్లీ ఒకసారి వెనక్కి తిప్పి వేయండి. అప్పటికి సమోయ్‌లోవాకు ఇరవై మూడేళ్లు. ఆ చిత్రీకరణ రోజుల్లోనే క్షయ సోకింది.

ఆ వెంటనే వచ్చే పరుగును గట్టిగా గుర్తుపెట్టుకోమనండి. వెరోనికా ఆసుపత్రి నుంచి బయటపడి కంచె పక్కనుంచి రైలు వంతెన దిశగా పరుగెత్తుతుంది. రైలు వస్తూ ఉంటుంది. అదే క్షణంలో ఒక చిన్న పిల్లవాడు బండి కింద పడబోతాడు. వాణ్ణి లాగేస్తుంది. పేరు అడిగితే బోరిస్ అంటాడు. నాలుగో ఆదివారానికి ఇది కావాలి.

రెండో ఆదివారం గురించి ఎక్కువ చెప్పను. సైబీరియా అడవిలో వజ్రాల కోసం వెళ్లిన నలుగురు భూగర్భ శాస్త్రజ్ఞులు. వజ్రాలు దొరుకుతాయి, ఆపైన అడవి తగలబడుతుంది. ఇన్నోకెంతీ స్మక్తునోవ్‌స్కీ, యెవ్‌గేనీ ఉర్బాన్‌స్కీ, వసీలీ లివానొవ్‌తో పాటు ఈమె నాలుగో మనిషి, పేరు తాన్యా. ఇక్కడ ఆమెకు పెద్ద మాటలు లేవు. మంటలు, బురద, మంచు, నడక. ‘క్రేన్స్’లో ముఖంతో నటించిన మనిషి ఇందులో వీపుతో, మోకాళ్లతో నటించింది. నోట్‌బుక్ అసలు తీయనవసరం లేదు, కథ ముందే అయిదు వాక్యాల్లో చెప్పేసి ఊరుకోండి.

మూడో ఆదివారం ఖాళీ. దీన్ని మాత్రం ఎగ్గొట్టకండి. గదిలో ఈ చివరినుంచి ఆ చివరికి దండెం కట్టి, బట్టల క్లిప్పులతో 1955 నుంచి 1967 వరకు పదమూడు కార్డులు తగిలించండి. 1955 మీద ‘ది మెక్సికన్’. 1957 మీద ‘క్రేన్స్’. 1958 మీద కాన్. 1960 మీద ‘లెటర్ నెవర్ సెంట్’తో పాటు ఫ్రెంచివాళ్లతో కలిసి తీసిన ఒక సినిమా. 1961 మీద హంగరీలో చేసిన ‘ఆల్బా రెజియా’. 1964 మీద ఇటలీ దర్శకుడు జుసెప్పె దె సాంతిస్ తీసిన యుద్ధచిత్రం. 1967 మీద ‘అన్నా’. మిగిలిన ఆరు కార్డులు తెల్లగా వేలాడతాయి. ప్రపంచమంతా చూసిన ముఖం, ఇరవైలలో ఉన్న మనిషి, ఇన్ని ఖాళీలేమిటని ఎవరో ఒకరు అడుగుతారు. అడిగేదాకా ఆగండి.

అప్పుడు చెప్పండి. లెనిన్‌గ్రాద్‌లో 1934 మే 4న పుట్టింది. తండ్రి యెవ్‌గేనీ సమోయ్‌లొవ్ పెద్ద నటుడు, 1939లో దొవ్‌జెంకో తీసిన ‘షోర్స్’లో ఆయనే నాయకుడు. చిన్నప్పుడు బ్యాలే నేర్చుకుంది, తర్వాత మాస్కోలో షూకిన్ నాటక విద్యాలయంలో చేరింది. కాన్ తర్వాత బయటి దేశాల నుంచి పిలుపులు వచ్చాయని, వెళ్లనివ్వలేదని ఆమె పెద్దవయసులో చెప్పుకుంది. సొంత దేశంలో ఎన్ని పాత్రలు వచ్చాయో దండెమే చెబుతోంది. మన దగ్గర కూడా ఒక గొప్ప సినిమా చేసి, తర్వాత ఏళ్లతరబడి ఫోను మోగని నటీమణులు ఎందరో ఉన్నారు. గాంధీనగర్ ఆఫీసుల్లో వాళ్ల పేర్లు చెప్పి ఇప్పుడేం చేస్తోందో పాపం అని అనుకోవడం చిన్నప్పుడు నా చెవులతో విన్నాను. సినిమాలు మాత్రమే వరుసగా చూపిస్తే ఆ ఏళ్లు లేనట్టే అవుతుంది. అందుకే ఒక ఆదివారం వాటికి ఇవ్వాలి. కార్డులు వారమంతా తీయకండి. రోజూ మేడమీదికి బట్టలు ఆరేయడానికి వెళ్లినప్పుడు నేను ఆ తెల్లకార్డులు చూస్తూ ఉంటాను.

నాలుగో ఆదివారం అరగంట ముందు మొదలుపెట్టండి, నిడివి ఎక్కువ. దర్శకుడు అలెక్సాందర్ జార్ఖీ. రంగుల చిత్రం కాబట్టి ప్రొజెక్టరు అమరిక మార్చుకోవాలి. కరేనిన్‌గా నికలాయ్ గ్రిత్సెంకో, ఆయన గొంతు వినిపించేచోట మీ గొంతు తగ్గించండి. బెట్సీగా కనిపించే ఆవిడ మాయా ప్లిసెత్‌స్కయా, బల్షోయ్ బ్యాలే మహానర్తకి. సంగీతం రదియోన్ షెద్రీన్, ప్లిసెత్‌స్కయా భర్త. తర్వాత 1972లో ఆయనే ‘అన్నా కరేనినా’ను బ్యాలేగా చేశాడు, ఆవిడే అన్నాగా నర్తించింది. అన్నా ప్రేమించే వ్రోన్‌స్కీగా వసీలీ లనవోయ్. ఆయన సమోయ్‌లోవా మొదటి భర్త, చదువుకునే రోజుల్లో పెళ్లాడి 1958లో విడిపోయారు. ఈ ముక్క ఆట అయ్యాకే చెప్పాలి. ముందు చెబితే గదంతా ఆ ఇద్దర్నీ చూస్తుంది, అన్నాను చూడదు. ఈ సినిమా 1968 కాన్ పోటీకి వెళ్లింది, ఆ ఏడు పారిస్ గొడవలతో ఉత్సవం మధ్యలోనే ఆగిపోయింది. పదేళ్ల తర్వాత మళ్లీ ఆ ఊరు దాకా వెళ్లిన అవకాశం అలా ముగిసింది.

చూడాల్సింది ఆమె కళ్లు. వెరోనికా కళ్లు ఎదుటివాళ్లను వెతికేవి. అన్నా కళ్లు తననెవరో చూస్తున్నారని తెలిసిన కళ్లు. మొదటి ఆదివారం రైలు దిశగా పరుగెత్తి పిల్లవాణ్ణి ఎత్తుకొని వెనక్కి తిరిగిన అమ్మాయి పదేళ్ల తర్వాత మళ్లీ రైలు దగ్గరకు వస్తుంది. ఈసారి పరుగు లేదు. పిల్లవాడు ఉన్నాడు, కానీ వాణ్ణి చూసే హక్కును ఇంటివాళ్లు తీసేశారు. ఇది నేను చెప్పక్కర్లేదు, మొదటి ఆదివారం వచ్చినవాళ్లు వాళ్లంతట వాళ్లే చెబుతారు.

ఆ తర్వాత ఆమె జీవితం రెండు మాటల్లో చెప్పేయొచ్చు. చిన్నా పెద్దా పాత్రలు కొన్ని వచ్చాయి. 1993లో రష్యా ప్రజా కళాకారిణి బిరుదు వచ్చింది. 2014 మే 4న, సరిగ్గా ఎనభై ఏళ్లు నిండిన రోజున మాస్కోలో చనిపోయింది.

చివరిగా ఒక జాగ్రత్త, విజయవాడవాళ్లకు ముఖ్యంగా. మాది రైల్వే ఊరు. ఇప్పుడు బీఆర్‌టీఎస్ రోడ్డు ఉన్నచోట ఒకప్పుడు మా పేటలోంచే రైలు పట్టాలు పోయేవి. మా గదికి వచ్చేవాళ్లలో ఒకాయన ముప్పై ఏళ్లు రైలు నడిపి రిటైరయ్యారు. ‘అన్నా’ వేసిన మొదటి ఏడు, ఆమె రైలు కింద పడే ఆఖరి సన్నివేశం కాగానే లేచి వెళ్లి మెట్లమీద కూర్చున్నారు. నేను నీళ్లు తీసుకెళ్లాను. “బ్రేకు వేశాక కూడా ఎంతదూరం పోతుందో తెలుసా అమ్మా,” అన్నారు. కాసేపాగి, “వాళ్ల ముఖం మనకు కనిపిస్తుంది,” అన్నారు. నేను ఏమీ అనలేకపోయాను. ముందే అడగనందుకు ఇప్పటికీ బాధగా ఉంది.

కాబట్టి నాలుగో ఆదివారానికి పిలిచేటప్పుడు సినిమా ఎలా ముగుస్తుందో ప్రతి ఇంట్లోనూ చెప్పండి, ముగింపు తెలిసిపోతుందన్న బెంగ వద్దు. వాళ్ల ఇంట్లో అలాంటిది ఏదైనా జరిగి ఉంటే మీకు చెప్పకపోవచ్చు, రాకుండా ఉండే వీలైనా ఇచ్చినవాళ్లవుతారు. ఆయన మరుసటి ఏడు కూడా వచ్చారు. మొదటి రెండు ఆదివారాలు కదలకుండా చూశారు, మూడో ఆదివారం కార్డులు తగిలించడంలో సాయం చేశారు. నాలుగో ఆదివారం ఆఖరి పది నిమిషాలు ఉందనగా నేను ఆయన భుజం తట్టాను. లేచి కిందికి వెళ్లి టీకి నీళ్లు పెట్టారు. దీపాలు వేసేసరికి పద్నాలుగు గ్లాసులు పళ్లెంలో పెట్టుకొని మేడ గుమ్మంలో నిలబడి ఉన్నారు. అప్పటినుంచి ఏటా టీ ఆయనదే.